మా అత్త, పొరల పెట్టె

మా అత్త చేతికి ఏ వస్తువు ఇచ్చినా కొన్నాళ్ళకు దానికి ఆవిడ బుద్ధులే వస్తాయి. గడియారం ఇస్తే ముందుకు పరిగెత్తుతుంది. గొడుగు ఇస్తే ఎండలో విచ్చుకుని వానలో మొరాయిస్తుంది. అలాంటి చేతికి వాళ్ళ ఆఫీసువాళ్ళు పొరల పెట్టె ఇచ్చారు. తర్వాత జరిగినదానికి అత్తను కాదు, ఇచ్చినవాళ్ళను అనాలి.

అత్త అంటే మా నాన్నకు చెల్లెలు. మా ఇంట్లో అందరికంటే పొట్టి, గొంతు మాత్రం అందరికంటే పొడుగు. పెళ్ళి చేసుకోలేదు. ఎందుకని ఎవరైనా అడిగితే, "నాకు తీరిక దొరకలేదు, వాళ్ళకు ధైర్యం దొరకలేదు" అంటుంది. జడ వేసుకునేటప్పుడు పిన్నులన్నీ నోట్లో పెట్టుకుని కూడా మాట్లాడగలదు. పచ్చీసాటలో ఓడిపోయేలా ఉంటే దగ్గొస్తుంది. ఆ దగ్గుకు పలకమీది కాయలన్నీ చెదిరిపోతాయి.

ఆవిడ పనిచేసేది పాత కట్టడాలకు మరమ్మతులు చేసే కంపెనీలో. గోడకు డ్రిల్లు పెట్టేముందు లోపల పైపుందా, కరెంటు తీగ ఉందా అని ఎవరో ఒకరు చూసి చెప్పాలి. చూడకుండా పెడితే వీధి వీధంతా చీకటైపోతుంది. ఒకసారి అలా చీకటి చేసిన మనిషే వాళ్ళ డ్రిల్లాయన. ఆయన్ను అందరూ కన్నాలాయన అంటారు. పోలీసులు వినేచోట మాత్రం అనరు.

పొరల పెట్టె చూడటానికి ఇస్త్రీపెట్టెలాగే ఉంటుంది. పైన పిడి, వెనకవైపు అరచేయంత తెర. మొదటి పొర నొక్కితే రంగు కింద రంగు కనిపిస్తుంది. రెండో పొరలో ఇటుకలు, పైపులు, తీగలు. అంతవరకు చూపే పెట్టెలు వేరేవి కూడా ఉన్నాయట. దీనికి మూడో పొర ఉంది. ఆ చోట ఇదివరకు ఉండి ఇప్పుడు లేనిది అందులో కనిపిస్తుంది. ఊడదీసిన తలుపు ఊడదీసినచోటే నిలబడి ఉంటుంది. పూడ్చేసిన కిటికీ తెరుచుకునే ఉంటుంది. లోకంలో ఏదీ పూర్తిగా పోదనీ, ఒకదాని మీద ఒకటి పొరలుగా కూర్చుంటుందనీ, మన కళ్ళకు అన్నిటికంటే పైదే ఆనుతుందనీ వాళ్ళ మేనేజరు చెప్పాడట.

"ఉల్లిపాయలాగా అన్నమాట" అందట అత్త.

"అలాగే అనుకోమ్మా."

"అయితే కళ్ళు మండుతాయి సార్" అందట.

మొదట్లో రోజుకొక వింత మోసుకొచ్చేది. ఒక ఆఫీసులో బీరువాల వెనక ఉత్త గోడలో మూడో పొరకు పెద్ద కిటికీ కనిపించింది. అందులోంచి ఎండ కూడా పడుతోంది. అది చూసిన గుమాస్తా ఒకాయన తన కుర్చీని ఆ గోడవైపు తిప్పుకుని, అప్పటినుంచి గోడను చూస్తూ పనిచేస్తున్నాడట. ఇంకోచోట గోడకు చక్కటి చిలక్కొయ్య కనిపిస్తే కన్నాలాయన దానికి తన అన్నం సంచీ తగిలించాడు. చిలక్కొయ్య తెరలో ఉంది, అన్నం నేలమీద ఉంది.

అత్తకు ఒక్కటే బాధ. పెట్టెను ఎంతెత్తుకు ఎత్తితే అంతవరకే తెరమీద బొమ్మ పడుతుంది. ఎత్తని మేర నల్లగా ఉండిపోతుంది. గోడ పూర్తిగా కనిపించాలంటే నేల దగ్గర మొదలుపెట్టి పైకప్పు దాకా లేపుకుంటూ పోవాలి. పొట్టి మనిషి, స్టూలెక్కి మునివేళ్ళమీద నిలబడితేగాని అందదు. సాయంత్రానికి మెడ పట్టేసేది. నేను మందు రాస్తుంటే, "మనుషులు ఇంతే ఉన్నప్పుడు పైకప్పులు అంతెత్తున ఎందుకు కట్టుకుంటారే? అక్కడెవరైనా నడుస్తారా?" అని విసుక్కునేది.

ఇక ఆ మాట సంగతి చెప్పాలి. పెట్టెను నెమ్మదిగా జరపాలి. గబగబా జరిపితే దానికి అందక, తెరమీద 'పొరపాటు' అని వస్తుంది. మామూలుగా అయితే అది ఎవరికైనా అర్థమవుతుంది. కానీ తెర చిన్నది. మాట పట్టక రెండుగా విరిగి, పైన 'పొర' అనీ కింద 'పాటు' అనీ పడేది. రంగు పొర, ఇటుక పొర, ఇదివరకటి పొర చూసి చూసి ఉన్న అత్త, ఇదేదో 'పాటు' అనే ఇంకో పొర అనుకుంది. అందులో ఆవిడ తప్పేం లేదు. మొదటిసారి అది వచ్చింది ఒక పెద్దావిడ వంటింట్లో, పొయ్యి ఎదురుగా.

"ఇదేంటమ్మాయ్, ఏదో రాసి వచ్చింది?" అని అడిగిందట ఆ పెద్దావిడ.

"పాటు పొర అండీ. ఈ చోట మీరు పడ్డ పాట్లన్నీ ఇక్కడే పేరుకుపోయాయి. మామూలు ఇళ్ళల్లో రాదు, మీ ఇంట్లో బాగా మందంగా ఉన్నట్టుంది."

ఆవిడ కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. తర్వాత మొగుణ్ణి కేకేసి, తెర ముందు నిలబెట్టి, "చదువు. గట్టిగా చదువు" అంది. ఆయన చదివాడు. ఆ రోజునుంచీ ఆయన టీ ఆయనే పెట్టుకుంటున్నాడట, ఆవిడకు కూడా ఒక గ్లాసు పోస్తున్నాడట.

మేనేజరు తల పట్టుకున్నాడు. "అది పాటు పొర కాదమ్మా, పొరపాటు! నువ్వు గబగబా నడిచావు, యంత్రం తడబడింది. మాట విరిగింది, అంతే."

"మరి విరిగిన మాటకు అంత మంచి అర్థం ఎలా వచ్చింది సార్?"

ఇంతలో ఫోన్లు మొదలయ్యాయి. "పాట్లు చూసే అమ్మాయిని పంపండి" అని ఆడవాళ్ళు అడుగుతున్నారు. గోడకు మరమ్మతు అక్కర్లేనివాళ్ళు కూడా అడుగుతున్నారు. పొరపాటని తెలిసినా అత్త మానలేదు. ఎక్కడ నెమ్మదిగా నడవాలో, ఎక్కడ గబుక్కున నడవాలో ఆవిడకు ఒక లెక్క ఏర్పడింది.

ఇదిలా ఉండగా మా ఇంట్లో గోడ గొడవ వచ్చింది.

మాది పొడుగాటి ఇల్లు. ముందు హాలు, మధ్యలో అత్త గది, వెనక వంటిల్లు. అటూ ఇటూ తలా రెండు గదులు. ఒక పక్క పెద్దనాన్నా పెద్దమ్మా, ఇంకో పక్క నాన్నా అమ్మా నేనూ. పెద్దనాన్న కాటా దగ్గర పనిచేస్తాడు, లారీలు ఎక్కించి తూస్తారే, ఆ కాటా. ఇంట్లో కూడా ఆయనకు అన్నీ సమంగా ఉండాలి. నాన్నది కిటికీ తెరలు కుట్టే కొట్టు. నేను బడి మానేశాక తెరల అంచులు కుట్టే పని నాకు వచ్చింది. అత్త గదిలో కూర్చుని కుట్టేదాన్ని. అక్కడ వెలుతురు బాగుంటుంది, ఇంట్లో జరిగేదంతా రెండువైపులా వినిపిస్తుంది.

గొడవ కిటికీతో మొదలైంది. హాలుకు వీధివైపు రెండు రెక్కల కిటికీ ఉంది. పెద్దమ్మకు ఉక్క, అమ్మకు దుమ్ము పడదు. పెద్దమ్మ తెరిచి అటు తిరగ్గానే అమ్మ మూసేది.

"ఊపిరాడి చావటం లేదమ్మా. మేమూ మనుషులమే" అనేది పెద్దమ్మ.

"ఊపిరితోపాటు వీధిలో మట్టంతా నా గొంతులోకే వస్తోంది అక్కయ్యా. నేనూ మనిషినే" అనేది అమ్మ.

ఇద్దరూ మనుషులేనని ఇంట్లో అందరికీ తెలుసు. అయినా రోజూ చెప్పుకునేవారు. ఆడవాళ్ళ పొరపొచ్చాలు మెల్లగా మగవాళ్ళకూ అంటుకున్నాయి. ఒక పొద్దున పెద్దనాన్న పేపరు మడిచి, "ఎవరి గాలి వాళ్ళు పీల్చుకుందాం. మధ్యలో గోడ పెట్టేద్దాం" అన్నాడు.

"గోడెందుకన్నయ్యా? మందపాటి బట్టతో మంచి తెర కుట్టి వేలాడదీస్తాను" అన్నాడు నాన్న.

"నీ సరుకు నాకే అంటగడతావుట్రా?"

ఆ మాటతో నాన్నకు కూడా రోషం వచ్చి గోడకే ఒప్పుకున్నాడు.

గోడ ఎక్కడ పెట్టాలి? దానికీ ఇద్దరిదీ ఒకటే మాట: నాన్న పెట్టినచోటే. అంటే మా తాతయ్య. ఆయనా ఆయన తమ్ముడూ ఇదే ఇంట్లో ఒకప్పుడు మాటా మాటా అనుకుని మధ్యలో గోడ కట్టుకున్నారట. తర్వాత కోపాలు చల్లారి తీయించేశారట. అప్పటికి పెద్దనాన్నా నాన్నా చిన్నపిల్లలు, అత్త ఇంకా పుట్టలేదు. ఇప్పుడు ఆ గోడ ఎక్కడుండేదో పెద్దనాన్నకు ఒకలా గుర్తుంది, నాన్నకు ఇంకోలా గుర్తుంది. ఎవరి గుర్తు ప్రకారం వాళ్ళ వాటా కొంచెం పెద్దది.

ఎవరి గుర్తు నిజమైనా గోడ అత్త గది మధ్యనుంచే పోతుంది.

"మరి నా మంచం సంగతేంటి?" అంది అత్త.

"నువ్వు మాతోనే ఉంటావు" అన్నారు అన్నలిద్దరూ ఒక్కసారే. వెంటనే ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"సరే, నీకు అంత ఇష్టమైతే మీతోనే ఉండనీ" అన్నాడు పెద్దనాన్న.

"అబ్బే, పెద్దవాడివి, నీ మాట కాదనను. మీతోనే ఉండనీ" అన్నాడు నాన్న.

"పోనీ నెలకో పక్క ఉంటుందిలెండి" అని పెద్దమ్మ తీర్పు చెప్పింది.

"నేనేమన్నా వీధి కుళాయినా వదినా, వంతులు వేసుకోవడానికి?" అంది అత్త. "ఒక పని చేయండి. మంచం కదపొద్దు. గోడ దానిమీదనుంచే కట్టేయండి. తల పెద్దన్నయ్యకు, కాళ్ళు చిన్నన్నయ్యకు. గురక పెడితే పెద్దవదిన భరిస్తుంది, నిద్రలో తన్నితే చిన్నవదిన భరిస్తుంది."

అందరూ నవ్వారు. అత్త నవ్వలేదు. అందరినీ నవ్వించి తను నవ్వకపోవడం ఆవిడ అలవాటే, అందుకని ఎవరూ పట్టించుకోలేదు. తర్వాత గదిలోకి వచ్చి మంచం మీద కూర్చుని, తలుపు వైపు చూస్తూ, "ఈ ఇంట్లో నాకంటూ ఒక్కటే అడిగి తీసుకున్నానే, వేసుకోవడానికి తలుపున్న గది" అంది. "గోడ పడితే ఆ తలుపు ఒకళ్ళకు పోతుంది, మంచం ఇంకొకళ్ళకు పోతుంది. మిగతా నేను ఎవరికి?"

సూదిలో దారం ఎక్కిస్తూ ఉండిపోయాను. నేను పెద్దగా మాట్లాడనని అత్త నన్ను మూగనోమూ అని పిలుస్తుంది. ఆ రోజు ఆ పేరు పెట్టి కూడా పిలవలేదు.

పెట్టె మాట ఎత్తింది అత్త కాదు, పెద్దనాన్నే. "నీ దగ్గర ఆ యంత్రం ఉందిగా? పాత గోడలు కనబడతాయంటావుగా? అది పట్రా. అదేది చూపిస్తే అదే."

"ఆఫీసు వస్తువు అన్నయ్యా. ఇంటికి తేకూడదు" అని అత్త నసిగింది. తేనంటే బతిమాలతారని, తెస్తానంటే అనుమానిస్తారని ఆవిడకు తెలుసు. పెద్దనాన్న బతిమాలాడు. చివరికి మేనేజరు, గోడ పూర్తయ్యేదాకా ఉంచుకోమని, ఒక షరతు మీద ఇచ్చాడట. ఇంట్లో 'పాటు' అనే మాట అత్త నోట రాకూడదు. అత్త ఒట్టు పెట్టింది.

సెలవురోజు మధ్యాహ్నం హాల్లో అందరం చేరాం. బల్ల, కుర్చీలు పక్కకు జరిపారు. నాన్న ముగ్గుపిండి లేకపోతే కొట్టులో బట్టమీద గీతలు గీసే సుద్ద తెచ్చాడు. అత్త పెట్టె బయటికి తీసి, మొదలుపెట్టకుండా ఊరికే దాన్ని తుడుస్తూ కూర్చుంది.

"కానీవే" అన్నాడు పెద్దనాన్న.

"ముందు మాటివ్వండి. చూశాక ఇది కాదు, అది అంటే నేను పడలేను."

"చెప్పానుగా. నాన్న ఎలా పెట్టాడో అలాగే. ఇటుక అటూ ఇటూ కాకూడదు."

"ఎలా పెడితే అలాగేనా?"

"నా మాట కాటా మాట. ముల్లు ఎక్కడ ఆగితే అక్కడే."

"చిన్నన్నయ్యా?"

"నాదీ అదే మాట" అన్నాడు నాన్న. 

అప్పుడు లేచింది. పెట్టెను నడుముకు ఆనించి పట్టుకుని, హాల్లో తన గది వైపునుంచి వీధివైపుకు మెల్లగా నడవడం మొదలుపెట్టింది. పెద్దనాన్న ఒక భుజం మీదనుంచి, నాన్న ఇంకో భుజం మీదనుంచి తెరలోకి తొంగి చూస్తున్నారు. ఖాళీ గాలిలో వరుసగా ఇటుకలు కనబడసాగాయి. ఎర్రగా, సున్నం అంటుకుని, ఇప్పుడే కట్టినట్టు ఉన్నాయి. పెద్దనాన్న తనకు తెలియకుండానే చెయ్యి ముందుకు చాచి ఆ చోట తడిమాడు. ఏమీ తగల్లేదు. చెయ్యి వెనక్కు తీసుకుని జేబులో పెట్టుకున్నాడు.

గోడ సరిగ్గా ఇద్దరి గుర్తులకూ మధ్యలో ఉంది. వీధివైపు కిటికీకి నడిమధ్యన వచ్చి ఆగింది. నాన్న సుద్దతో నేలమీద గీస్తూ వచ్చాడు. అంతవరకు బాగానే ఉంది.

"పైనంతా నల్లగా ఉందేమే?" అన్నాడు పెద్దనాన్న.

"పైన ఏమీ లేదు కాబట్టి" అంది అత్త.

"ఏమీ లేకపోవడమేంటి?"

"ఉంటే కనబడదా? ఇదిగో, ఇటుకలు ఇక్కడిదాకా వచ్చాయి. నా నడుందాకా. అంతే గోడ."

నేను కిటికీ గట్టు మీద కూర్చుని ఉన్నాను. రోజూ సాయంత్రం మెడకు మందు రాసేదాన్ని నేను. ఆ మధ్యాహ్నం అత్త మెడ ఒక్కసారి కూడా పైకి లేవలేదు. స్టూలు అత్త గది మూలన అలాగే ఉంది. అత్త నావైపు చూడలేదు. నేను కుట్టు కిందపెట్టలేదు.

"నడుమెత్తు గోడేంటి? నవ్విపోతారు. నాకు బాగా ఎత్తుగా ఉన్నట్టు గుర్తుంది" అన్నాడు పెద్దనాన్న.

"అప్పుడు నువ్వెంత ఎత్తున్నావన్నయ్యా?"

పెద్దనాన్న తన చేతిని నేలకు కొంచెం పైన పట్టుకుని చూపించబోయి, ఆగిపోయాడు.

"చూశావా మరి? నీ కళ్ళకు అదే కొండ. నాన్నకు బాబాయి మీద కోపం అంతే ఎత్తుండేది. మొహం కనబడకపోతే ఉండలేడు కదా, నడుందాకా కట్టుకుని ఊరుకున్నాడు."

అప్పుడు జరిగింది అత్త కూడా అనుకోనిది. నాన్న నేలమీద గొంతుకూర్చున్నవాడు సుద్దముక్క పట్టుకుని పైకి చూశాడు. "అవునన్నయ్యా" అన్నాడు. "మనం దానిమీదనుంచి దూకేవాళ్ళం."

"ఎప్పుడు?"

"ఎప్పుడేంటి, రోజూ! ఇదిగో, ఈ మచ్చ." ప్యాంటు మోకాలి దాకా లాక్కున్నాడు. "ఆ గోడమీదనుంచి పడితే తగిలిందే కదా."

"అది సైకిలు మీదనుంచి పడితే తగిలింది, తలకాయలేనోడా."

"సైకిలుది ఈ కాలు. ఇది గోడది."

అత్త నోరు తెరిచి, మళ్ళీ మూసుకుంది. ఆవిడ నోరు ఊరికే మూసుకోవడం నేను చూసింది ఆ ఒక్కసారే.

గీత అత్త గది దాటి వంటింట్లోకి వచ్చేసరికి తోడికోడళ్ళిద్దరూ గోడ సంగతి మరిచిపోయి అత్తను చుట్టుకున్నారు. వాళ్ళకు కావలసింది వేరే పొర. ఊళ్ళోవాళ్ళు చెప్పుకునేది వాళ్ళూ విన్నారు.

"నా పొయ్యి దగ్గర కూడా చూడు. ఈ ఇంటికి వచ్చినప్పటినుంచీ ఎంత చాకిరీ చేశానో దానికైనా తెలియాలి" అంది పెద్దమ్మ.

"ముందు గిన్నెలు తోమేచోట చూడమ్మా. అక్కడ నిలబడింది నేనేగా" అంది అమ్మ.

"నేను ఏమీ చెప్పకూడదు. ఆఫీసులో ఒట్టు పెట్టాను" అంటూ అత్త పొయ్యిముందు గబుక్కున ఒక అడుగు వేసింది. తెరమీద ఏదో పడింది. పెట్టెను పెద్దమ్మ కళ్ళముందు పెట్టింది.

"పొర... పాటు!" పెద్దమ్మ తెరమీద వేలు పెట్టింది. "చూశారా? చూశారా?"

అత్త గిన్నెలు తోమేచోటికి కూడా అంతే గబుక్కున నడిచింది. "పొర పాటు!" అని అమ్మ చదివింది. ఇద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు. గెలుద్దామని వచ్చినవాళ్ళకు ఇద్దరికీ సమానంగా రావడంతో ఏం చేయాలో తోచలేదు.

"ఇక్కడ ఈవిడ పడ్డదీ తక్కువేం కాదులే" అంది పెద్దమ్మ చివరికి, పైటతో ముక్కు తుడుచుకుంటూ.

"పెద్ద పొయ్యి దగ్గర సెగ ఎక్కువ అక్కయ్యా, నాకు తెలియదా?" అంది అమ్మ.

అప్పుడు పెద్దమ్మకు ఇంకో ఆలోచన వచ్చింది. "హాల్లో వీళ్ళ కుర్చీల దగ్గర చూడవే."

అత్త హాల్లోకి వెళ్ళి పెద్దనాన్న కుర్చీ చుట్టూ, నాన్న కుర్చీ చుట్టూ నత్తలా నడిచింది. అంత నెమ్మదిగా ఆవిడ నడవడం నేనెప్పుడూ చూడలేదు. తెరమీద పాత చాపలు వచ్చాయి, ఎప్పటిదో ఊయల వచ్చింది. పాటు మాత్రం రాలేదు.

"రాలేదా?" అన్నాడు నాన్న.

"రాలేదు" అన్నారు తోడికోడళ్ళు ఒక్క గొంతుతో. ఆ కిటికీ గొడవ మొదలయ్యాక వాళ్ళిద్దరూ ఒక్క మాట మీద నిలబడటం అదే మొదలు.

"కాటా దగ్గర నిలబడి నిలబడి నా కాళ్ళు పోతున్నాయి, అది రాదేం?" అన్నాడు పెద్దనాన్న.

"అది కాటా దగ్గర వస్తుంది అన్నయ్యా. ఇక్కడ నువ్వు కూర్చునేగా ఉంటావు?"

మర్నాడు మేస్త్రీ వచ్చాడు. గీత చూశాడు, ఎంతెత్తు అని అడిగాడు. పెద్దనాన్న అత్తను పిలిచి, గీత పక్కన నిలబెట్టి, "ఈవిడ నడుందాకా" అన్నాడు. మేస్త్రీ అత్తను కింద నుంచి పైకి చూసి, "మరీ ఇంత పొట్టి గోడా సార్?" అన్నాడు.

"ఏం, గోడను అంటున్నావా, నన్ను అంటున్నావా?" అంది అత్త.

"దాని తలమీద ఏం పెడతారమ్మా?"

"మోచేతులు."

పెద్దనాన్నకు మనసులో గోడ ఇంకాస్త లేపాలని లేకపోలేదు. రెండుమూడుసార్లు నోరు తెరిచాడు. కానీ కాటా మాట అన్నాక ముల్లు ఎలా జరుపుతాడు? గోడ నడుందాకా లేచి ఆగిపోయింది.

వచ్చినవాళ్ళు నవ్వారు, నిజమే. కానీ కిటికీ సంగతి తేలిపోయింది. గోడ కిటికీ మధ్యకు వచ్చి ఆగడంతో ఒక రెక్క పెద్దమ్మది అయింది, ఒక రెక్క అమ్మది అయింది. పెద్దమ్మ తన రెక్క బార్లా తెరుచుకుంది, అమ్మ తనది గట్టిగా మూసుకుంది. గాలి ఎటు వస్తోందో, దుమ్ము ఎటు పోతోందో చూసే తీరిక తర్వాత ఎవరికీ లేకపోయింది. వంటింట్లో గోడ కూరగాయలు తరిగే గట్టు అయింది. అటునుంచి పెద్దమ్మ, ఇటునుంచి అమ్మ కత్తిపీటలు మానేసి నిలబడి తరుగుతారు. ఒకళ్ళ ముక్కలు పెద్దవని ఇంకొకళ్ళు అంటారు.

అత్త గదిలో గోడకు ఇవతల మంచం ఉంది, అవతల తలుపు ఉంది. తలుపు వేసుకోవాలంటే గోడ ఎక్కి దూకాలి. ఆవిడ ఎక్కి దూకుతుంది. అన్నలిద్దరిలో ఎవరైనా "మా వాటాలోకి వచ్చావు" అంటే, గోడమీద రెండు కాళ్ళూ అటొకటి ఇటొకటి వేసుకుని కూర్చుని, "ఇప్పుడు చెప్పండి, ఎవరి వాటాలో ఉన్నాను?" అంటుంది. గది మాత్రం ఆవిడదే. నడుమెత్తు గోడకు రెండు పక్కలా ఒకే గది.

పెట్టె తిరిగి ఇచ్చేయాల్సిన రోజు పొద్దున్నే అత్త స్నానానికి వెళ్ళింది. పెట్టె మంచం మీద ఉంది. నేను తెర అంచు కుడుతున్నాను. ఎందుకో లేచాను. మూలనున్న స్టూలు తెచ్చి గోడ పక్కన వేసి ఎక్కాను. మూడో పొర నొక్కి, పెట్టెను కొత్త గోడ అంచున పెట్టి, అత్త చెప్పినట్టే నెమ్మదిగా పైకి లేపాను.

ఇటుకలు ఆగలేదు. నా భుజం దాటాయి, తల దాటాయి. చేతులు పూర్తిగా పైకి చాచేసరికి పైకప్పుకు ఆనుకుని, సందు లేకుండా, ఆఖరి వరుస కనిపించింది. ఎక్కడా గవాక్షం కూడా లేదు. తాతయ్యకు తమ్ముడి మీద కోపం పైకప్పు దాకా ఉండేది. దూకడానికి అక్కడేమీ లేదు. అంత గోడనూ మళ్ళీ వాళ్ళే కూల్చుకున్నారు.

"ఏం చూస్తున్నావే, మూగనోమూ?"

తడి జుట్టుకు తువ్వాలు చుట్టుకుని అత్త తలుపు దగ్గర నిలబడి ఉంది. పిన్నులు నోట్లో లేవు. మొహంలో నవ్వు కూడా లేదు. నా చేతులింకా పైనే ఉన్నాయి. మెడ లాగుతోంది.

"పొరపాటు అని వచ్చింది అత్తా" అన్నాను.

అత్త స్టూలు వైపు, పైనున్న నా చేతుల వైపు చూసింది. "గబగబా ఎత్తావా?"

"నెమ్మదిగానే ఎత్తాను."

"నెమ్మదిగా ఎత్తితే పొరపాటు రాదే."

"వచ్చింది."

అత్త గోడ ఎక్కి, దూకి, స్టూలు దగ్గరకు వచ్చి నా చేతుల్లోంచి పెట్టె తీసుకుంది. తెర వైపు చూడకుండానే మీట నొక్కి ఆర్పేసింది. "మాట్లాడితే మాట్లాడావు గాని, మొదటిసారే ఇంత బాగా మాట్లాడతావనుకోలేదు" అని, దిగమన్నట్టు నా కాలిమీద చిన్నగా కొట్టింది.

అప్పుడే హాల్లోంచి నాన్న గొంతు వినిపించింది. ఎవరో తెరలు కొలిపించుకోవడానికి వచ్చినవాళ్ళు పొట్టి గోడను చూసి అడిగినట్టున్నారు. "చిన్నప్పుడు దీనిమీదనుంచే దూకేవాళ్ళమండీ. ఇదిగో, ఈ మచ్చ చూడండి" అంటున్నాడు.

సైకిలు అంటాడేమోనని పెద్దనాన్న గొంతు కోసం చెవులు రిక్కించాం.

"ఎంత ఏడ్చాడనుకున్నారు!" అంటున్నాడు పెద్దనాన్న. "అటుపక్కనుంచి గోడ దూకొచ్చి లేవనెత్తింది నేనే కదండీ."